అమ్మ వైపు నుంచి: బెంబాల ఊళ్లలో

మ్పికా

జాంబియాలో మ్పికా అనే ఊరి సంతలో గోనెపట్టాల మీద కుప్పలు పోసిన ముదురెరుపు గింజలు రాగులే అని దూరం నుంచే పోల్చుకున్నాను. గుప్పెట్లోకి తీసుకుని చూస్తే అదే నునుపు, అదే వాసన. అమ్ముతున్న ఆమె వాటిని ‘అమాలె’ అంది. చిన్న డబ్బా నిండుగా కొలిచి 30 క్వాచాలు చెప్పింది, మన లెక్కలో వంద రూపాయల పైమాటే. మాది మదనపల్లె. రాగి ముద్దతో పెరిగిన ఇల్లు. ఈ గింజ పుట్టిల్లు తూర్పు ఆఫ్రికా ఎత్తుభూములని, వేల ఏళ్ల కిందట సముద్రం దాటి మన మెట్ట పొలాలకు చేరిందని బడిలో పిల్లలకు చెబుతూ వచ్చాను. ఆ సంతలో చాలాసేపు నిలబడిపోయాను. నాతో వచ్చిన పెద్దాయన పిలిచేదాకా కదలలేదు.

మా తమ్ముడు జాంబియాలోని కిట్వేలో రాగి గనుల్లో ఇంజినీరు. వేసవి సెలవుల్లో వాడి దగ్గరికి వెళ్లాను. ఆ ఊళ్లో ఎటు తిరిగినా బెంబా భాషే వినబడుతుంది: కూరగాయల అంగళ్లలో, చర్చిల్లో, గని గేట్ల దగ్గర, రేడియోలో. 1920ల చివర పెద్ద గనులు తెరుచుకున్నాక ఉత్తరం నుంచి మగవాళ్లు వేల సంఖ్యలో పనికి వచ్చారు. వాళ్ల మాటే గని పట్టణాలన్నిటికీ ఉమ్మడి మాట అయింది. 2010 జనాభా లెక్కల ప్రకారం దేశంలో మూడింట ఒక వంతు మంది ఎక్కువగా మాట్లాడేది బెంబానే. అయితే ఆ భాషకు, ఆ జాతికి అసలు నేల అక్కడికి చాలా దూరంలో, కసామా చుట్టూ ఉంది. గనిలో పనిచేసి రిటైరైన పెద్దాయన ఒకరు తల్లిని చూడడానికి అటే కారులో వెళ్తున్నారని తెలిసింది. పెట్రోలు ఖర్చు చెరిసగం అనుకుని బయలుదేరాను.

ఆయన నాకంటే ఇరవై ఏళ్లు పెద్ద. అయినా దారంతా నన్ను ‘బా మాయో’ అనే పిలిచారు, అమ్మగారూ అని. పేరు ముందు ‘బా’ లేకుండా పెద్దవాళ్లను పిలిస్తే అక్కడ పెడసరం కింద లెక్క. మాట చివర ‘ముక్వాయి’ చేర్చడం కూడా అంతే అవసరం, మన ‘అండీ’ లాగా. ఈ రెండూ నేర్చుకున్నాక సంతలో బేరాలు కూడా తేలికయ్యాయి.

మధ్యాహ్నం సంత వెనక రేకుల కొట్లో భోజనం చేశాం. ప్లేటు 45 క్వాచాలు. రాగిపిండిలో కాస్త కర్రపెండలం పిండి కలిపి కెలికిన ‘ఉబ్వాలి’ ముద్ద, వేరుశనగ పొడిలో ఉడికించిన గుమ్మడాకు కూర ‘ఇఫిసాషి’, టాంగన్యీకా సరస్సులో పట్టే ‘కపెంటా’ అనే చిన్న ఎండుచేపలు వడ్డించారు. కొట్టు పిల్ల మోకాళ్ల మీద కూర్చుని చెంబుతో నీళ్లు పోస్తూ ముందు పెద్దాయన చేతులు, తర్వాత నా చేతులు కడిగించింది. ముద్దలోంచి ఉండ తుంచి, అరచేతిలో దొర్లించి, బొటనవేలితో గుంట నొక్కి, కూరలో అద్దుకుని మింగాలి. నాకెవరూ చెప్పనక్కర్లేకపోయింది. సంగటిని పులుసులో ముంచి తిన్నట్టే నా వేళ్లు వాటంతట అవే కదిలాయి. ఆ పిల్ల పని ఆపి చూసి, లోపల ఉన్న తల్లిని పిలుచుకొచ్చింది. తల్లి వచ్చి నా చేతివేళ్ల వైపే చూస్తూ నిలబడింది. ‘‘మీకు ఇది ఎవరు నేర్పారు?’’ అని అడిగితే ‘‘మా అమ్మమ్మ’’ అన్నాను. ఆ జవాబు ఆమెకు చాలా నచ్చింది. రెండో ముద్ద తెచ్చి పెట్టింది, డబ్బులు తీసుకోలేదు.

1930లలో ఈ ప్రాంతంలో ఉండి బెంబాల తిండి మీద, సేద్యం మీద పరిశోధన చేసిన ఆడ్రీ రిచర్డ్స్ ఒక సంగతి గమనించారు. మొక్కజొన్న పొత్తులు కాల్చుకుని నాలుగైదు తిన్నవాళ్లు కూడా, పొద్దుటి నుంచి ఏమీ తినలేదనే చెప్పేవారట. ఉబ్వాలి పడితేనే తిన్నట్టు. ఆ మాట ఇప్పటికీ నిజమే. పెద్దాయన దారిలో చిలగడదుంపలు, వేరుశనగలు, అరటిపళ్లు వరుసగా తింటూనే, మ్పికా ఇంకెంత దూరమో, ఎప్పుడు తింటామో అని నాలుగుసార్లు అన్నారు.

షివా న్గాందు

తారు రోడ్డు దిగి సరస్సు వైపు మళ్లాక దారి రెండుగా చీలింది. సైకిలు మీద వస్తున్న కుర్రవాడు చూపించిన వైపు వెళ్లాం. అది అడవిలోకి, అక్కడినుంచి ఒక పొలంలోకి తీసుకెళ్లి ఆగిపోయింది. ఆ దారి తప్పడం వల్లే ‘చితెమెనె’ అనే బెంబాల సేద్యం చూడగలిగాను.

విశాలమైన అడవి ముక్కలో చెట్లు నిలబడే ఉన్నాయి, కొమ్మలు మాత్రం లేవు. మొదలు నరకరు. మగవాళ్లు చిన్న గొడ్డలితో చెట్టు చిటారుకు ఎక్కి కొమ్మలు కొడతారు, మొద్దు మళ్లీ చిగురిస్తుంది. కింద పడిన కొమ్మల్ని ఆడవాళ్లు నెత్తిమీద మోసుకొచ్చి మధ్యలో ఒక పెద్ద గుండ్రటి మేటుగా పేరుస్తారు. కొమ్మ మొదలు లోపలికి, చివర్లు బయటికి ఉండాలి. ఎండాకాలమంతా ఎండనిచ్చి, అక్టోబరు చివర తొలి వానకు ముందు నిప్పు పెడతారు. ఆ బూడిద పరిచిన నేలలో మొదటి ఏడు రాగులు చల్లుతారు, తర్వాతి ఏళ్లలో వేరుశనగ, చిక్కుళ్లు. నాలుగైదేళ్లకు ఆ చోటు వదిలేసి మరో చోటికి వెళ్తారు. నేల పలచన, ఆమ్లగుణం ఎక్కువ. ఈ బూడిదే దానికి ఎరువు. పండించే మడి కంటే కొమ్మలు కొట్టే అడవి ఎన్నో రెట్లు పెద్దదిగా ఉండాలి కాబట్టి జనం పెరిగేకొద్దీ ఈ పద్ధతి బిగుసుకుపోతోంది. ఇరవయ్యో శతాబ్దం మొదటి దశాబ్దంలో ఈ సీమను ఏలిన బ్రిటిష్ సౌత్ ఆఫ్రికా కంపెనీ పాలకులు దీన్ని అనాగరికమని నిషేధించారు. ఆకలి ముంచుకొచ్చాక ఆ నిషేధాన్ని ఎత్తేయక తప్పలేదు. నేల సంగతి ఆ పొలంలో పనిచేసే ఆడవాళ్లను అడిగి ఉంటే చెప్పేవారు.

ఆ రోజు కొమ్మలు మోస్తున్నవాళ్లు ముగ్గురు. ఒకామె వీపున పసిపిల్ల. నేను ఒక మోపు ఎత్తబోతే నవ్వారు గానీ అడ్డుకోలేదు. ఎలా పేర్చాలో చూపించారు. నేను పెట్టిన కొమ్మను తీసి తిప్పి పెట్టారు. దారి అడిగితే ఒకామె మోపు దించి కారులో మాతో పాటు చీలిక దాకా వచ్చి, నడిచి వెనక్కి వెళ్లింది. డబ్బు ఇవ్వబోతే పెద్దాయన వద్దన్నారు. సబ్బు కట్టలు రెండు ఇచ్చాం.

సరస్సు పేరుకు అర్థం రాజమొసలి నెలవు అని. బెంబా రాజవంశం మొసలి గోత్రం, ‘బేనా న్గాందు’. ఒడ్డున స్టీవర్ట్ గోర్-బ్రౌన్ అనే ఆంగ్లేయుడు 1920లలో కట్టుకున్న ఇటుకల భవంతి ఉంది. అక్కడికి వచ్చే విదేశీయులు చూసేది దాన్నే. ఆయన తర్వాతి రోజుల్లో ఆఫ్రికన్ల స్వాతంత్ర్యం పక్షాన నిలబడ్డారని, 1967లో పోయినప్పుడు ప్రభుత్వ లాంఛనాలతో సాగనంపారని పెద్దాయన గౌరవంగానే చెప్పారు. భవంతి మంచిదే. నాకు ఆ మేటు దగ్గరి ఆడవాళ్లే గుర్తుంటారు.

చిన్సాలి

చిన్సాలి దగ్గర లుబ్వా మిషన్‌ను 1905లో మొదలుపెట్టినవారు డేవిడ్ కౌండా. న్యాసాలాండ్ (ఇప్పటి మలావి) నుంచి వచ్చిన ఆఫ్రికన్ బోధకుడు ఆయన. 1924 ఏప్రిల్ 28న ఆయనకు ఇక్కడే పుట్టిన కెన్నెత్ కౌండా 1964 అక్టోబరు 24న స్వతంత్ర జాంబియాకు తొలి అధ్యక్షుడయ్యారు. ఆయనతో కలిసి పోరాడి తర్వాత ఆయనతోనే విభేదించిన సైమన్ కప్వెప్వెదీ ఈ చిన్సాలి ప్రాంతమే. ఉపాధ్యక్షుడిగా పనిచేసిన ఈయన బెంబాలో రచనలు కూడా చేశారు. ఇంత చిన్న చోటు నుంచి ఇంతమంది.

అయితే నేను వెతుక్కుంటూ వెళ్లింది మరో మనిషి జాడ కోసం. ఆలిస్ లెన్షినా. కసోమో పల్లె రైతు స్త్రీ. 1953లో జబ్బుపడి, చనిపోయి, దేవుడిని చూసి తిరిగొచ్చానని చెప్పింది. లుబ్వాలోనే బాప్తిస్మం తీసుకుంది. మిషనరీలు తెచ్చిన కీర్తనలు జనం నోట పలకని రోజుల్లో ఆమె బెంబా బాణీల్లో బెంబా మాటలతో పాటలు కట్టింది. మంత్రతంత్రాలు వదలండి, సారా మానండి, ఇద్దరు భార్యలు వద్దు అంది. ఆడవాళ్లు తండోపతండాలుగా వచ్చారు. ఆమె లుంపా చర్చిలో చేరినవాళ్లు వేలూ పదివేలూ దాటిపోయారు, మిషన్ చర్చిలు ఖాళీ అయ్యాయి. స్వాతంత్ర్యం దగ్గరపడే నాటికి, కౌండా పార్టీలో చేరం, కార్డులు తీసుకోం అన్న ఆమె మనుషులకూ పార్టీ కార్యకర్తలకూ ఊరూరా కొట్లాటలు మొదలయ్యాయి. 1964 జూలైలో సైన్యం దిగింది. ఏడు వందల మందికి పైగా చనిపోయారు. రెండు వైపులా చంపారు. కానీ తుపాకులు ఒక వైపే ఉన్నాయి. ఆగస్టులో లెన్షినా లొంగిపోయింది. ఏళ్ల తరబడి నిర్బంధంలో ఉండి 1978లో మరణించింది.

మేము దిగిన ఇంట్లో ఈ ప్రసంగం వస్తే ఇంటాయన మాట మార్చారు. వంటింట్లో మాత్రం ఆయన అత్తగారు పిండి కెలుకుతూ చిన్న గొంతుతో ఒక పాట మొదలుపెట్టారు. ‘‘ఇది వాళ్లదే. మా అమ్మ పాడేది’’ అన్నారు. మూడు చరణాలు పాడి, కుండ దించి, అన్నం వేళ అయిందని మగవాళ్లను పిలిచారు. స్వాతంత్ర్యం వచ్చిన సంవత్సరాన్ని అక్కడివాళ్లు రెండు రకాలుగా గుర్తుపెట్టుకున్నారు. రెండోది బయటికి చెప్పరు.

చంబేషి వంతెన

మళ్లీ మ్పికాకు వచ్చి కసామా రోడ్డు పట్టాం. చంబేషి నది దగ్గర ఒక స్మారకం ఉంది. మొదటి ప్రపంచ యుద్ధం యూరప్‌లో 1918 నవంబరు 11న ముగిసినా, తూర్పు ఆఫ్రికాలో జర్మన్ దళాలను నడిపిన ఫాన్ లెటో-ఫోర్బెక్‌కు ఆ కబురు ఇక్కడ నవంబరు 14న అందింది. అంతకు ముందే ఆయన దళాలు కసామాను పట్టుకున్నాయి. ఫలకం మీద సేనాధిపతి పేరు ఉంది. ఆ సైన్యాలకు బియ్యం, తుపాకీ గుండ్లు వందల మైళ్లు నెత్తిన మోసి, దారిలోనే రాలిపోయిన ‘తెంగ-తెంగ’ కూలీల గురించి పెద్దాయన చెప్పారు. వాళ్లమ్మ మేనమామ ఒకరు అలా వెళ్లి తిరిగి రాలేదు. ఆయన కారు ఇంజను ఆపి, టోపీ తీసి, నిమిషం సేపు నిలబడ్డారు.

ముంగ్వి దగ్గర ఒక పల్లె

కసామా దాటి ముంగ్వి వైపు వెళ్లి, అక్కడినుంచి మట్టిదారి. సాయంత్రం నాలుగింటికే చలి. సముద్రమట్టానికి నాలుగున్నర వేల అడుగుల ఎత్తు కావడంతో జూన్‌లో రాత్రుళ్లు వణికిస్తాయి.

పెద్దాయన ముంగిట్లో అడుగుపెట్టగానే గొంతుకూర్చుని, రెండు చేతులూ డొప్పలా కలిపి మెల్లగా చప్పట్లు కొట్టారు. రిటైరైన గని ఫోర్‌మన్, మనవల్ని ఎత్తినవాడు. లోపలి నుంచి వాళ్లమ్మ అదే రకంగా చప్పట్లతో బదులిచ్చాకే లేచి నిలబడ్డారు. ఆవిడకు ఎనభై దాటాయి. ‘‘మ్వాపోలేని ముక్వాయి’’ అని నేను పలకరిస్తే, నా రెండు చేతులూ పట్టుకుని కూర్చోబెట్టారు. ఊళ్లో ఆవిడను ఎవరూ సొంత పేరుతో పిలవరు. పెద్దకొడుకు పేరు చెప్పి ‘వాడి తల్లి’ అంటారు. మా మదనపల్లెలోనూ మా అమ్మను వీధంతా నా పేరు చెప్పే పిలిచేది.

రాత్రి నిప్పు చుట్టూ కూర్చున్నాం. మధ్యలో కుండ. పులియబెట్టిన రాగులు అందులో ఉంటాయి. వేడినీళ్లు పోసి రెల్లు గొట్టంతో పీల్చాలి. అయిపోతే మళ్లీ నీళ్లు. ‘కటుబి’ అంటారు. పుల్లగా, వెచ్చగా గొంతు దిగింది. ఒకే గొట్టం చేతులు మారుతుంది. మొదట తాగింది ఆవిడ.

బెంబాల మూలపురుషుడు చితి అనేవాడి కథ ఆవిడ నోట విన్నాను, కొడుకు ఇంగ్లీషులో చెబుతుండగా. పడమరన లూబా సీమలో, కోలా అనే చోట ముకులుంపే అనే రాజు ఉండేవాడు. ఆకాశం నుంచి దిగివచ్చిన ముంబి ముకాసా లియులు అనే స్త్రీని పెళ్లాడాడు. ఆమెకు ఏనుగు చెవుల్లాంటి చెవులు. మొసలి గోత్రం ఆమెది, రాజుది కాదు. వాళ్ల కొడుకులు కటోంగో, చితి, న్కోలె. కూతురు చిలుఫ్యా ములెంగా. కొడుకులు ఎత్తైన బురుజు కట్టబోతే అది కూలి జనం చచ్చారు. తండ్రి కోపించి కటోంగో కళ్లు తీయించాడు. చితి, న్కోలె పారిపోయారు. తర్వాత మనుషుల్ని పంపి, తలుపులు లేని ఇంట్లో బంధించిన చెల్లెల్ని రహస్యంగా విడిపించి తెప్పించుకున్నారు.

‘‘ఎందుకు తెప్పించుకున్నారో తెలుసా?’’ అని ఆవిడ నన్ను నిలదీశారు. అన్నదమ్ములు ఎంత దేశం గెలిచినా చెల్లెలు లేకపోతే దాన్ని ఏలడానికి వారసుడు ఉండడు. రాజు కొడుకు రాజు కాడు. రాజు తోడబుట్టిన ఆడబిడ్డ కొడుకే రాజు. కొడుకులకు మకాసా వంటి వేరే పదవులు ఉంటాయి గానీ సింహాసనం ఉండదు. రాజమాతకు చందముకులు అనే బిరుదు, సొంత ఊళ్లు, సొంత మర్యాదలు.

కథ ముందుకు సాగింది. సెంగా దేశంలో మ్వాసే అనే దొర భార్య చిలింబులు అందానికి చితి లొంగిపోయాడు. మ్వాసే విషపు బాణంతో కొట్టాడు. చితిని మ్వాలులే తోపులో పాతిపెట్టారు. న్కోలె పగ తీర్చుకుని మ్వాసే శవాన్ని కాలిస్తే ఆ పొగకే తానూ పోయాడు. మిగిలినవాళ్లు తిరుగుతూ కలుంగు నది ఒడ్డుకు వచ్చినప్పుడు చచ్చిన మొసలి కనబడింది. తమ గోత్రం మృగం కదా, ఇదే మన చోటు అని ఆగిపోయారు. ఇప్పటికీ ఆగస్టులో ఆ నది ఒడ్డునే ‘ఉకుసెఫ్యా పా న్గ్వేనా’ పండుగ జరుపుకుంటారు. నేను చదివిన చరిత్ర పుస్తకాల్లో చితి, బాణం, యుద్ధాలు ముందుకొస్తాయి. ఆవిడ చెప్పిన కథ ఆకాశం నుంచి దిగిన తల్లితో మొదలై, బంధించిన చెల్లెలి దగ్గర ఊపందుకుంది. యుద్ధాలు రెండు వాక్యాల్లో ముగిశాయి. ఆవిడ ఎంపికే సరైందని నాకు గట్టిగా అనిపించింది.

పొద్దున ఒక యువకుడు వచ్చి, పారను ఇరవై అడుగుల దూరంలో నేల మీద పెట్టి, దగ్గి, వెళ్లిపోయాడు. ఆవిడ మనవరాలి భర్త. అత్తగారు ఇంట్లో ఉండగా గడప తొక్కకూడదు, ఆమె ఎదుట తినకూడదు. పెళ్లి మాట ‘షిబుకోంబె’ అనే పేరయ్య తెస్తాడు. రెండు ప్లేట్ల మధ్య డబ్బు పెట్టి ఇచ్చే ‘న్సలాము’ను అమ్మాయి వాళ్లు అందుకుంటే మాట కుదిరినట్టు. తర్వాత అల్లుడు ఆ ఊరికే వచ్చి మామ పొలంలో కొమ్మలు కొట్టాలి. ఇల్లరికం ఇక్కడ ఒకరిద్దరి సంగతి కాదు, పాత రోజుల్లో అందరి సంగతీ. పట్నాల్లో ఆ సేవ ఇప్పుడు చాలావరకు డబ్బుగా మారింది. అమ్మాయి తరఫు ఆడవాళ్లు రకరకాల వంటలు చేసి మోసుకెళ్లి ‘మా ఇంటి నిప్పు ఇది’ అని అల్లుడికి చూపించే ‘ఇచిలంగ ములిలో’ మాత్రం కిట్వేలోనూ ఘనంగా జరుగుతుంది. అది అయ్యాకే అల్లుడు అత్తవారింటి వంట తింటాడు.

చితిముకులు ఊరు

రాజు బిరుదే ఊరి పేరు. ప్రస్తుత చితిముకులు కన్యంతా-మంగా II ఆ రోజు ఊళ్లో లేరు. మమ్మల్ని ఒక పెద్దమనిషి చాప మీద కూర్చోబెట్టి మాట్లాడారు. రాజును ఎంచే, రాజును పాతిపెట్టే పెద్దలను ‘బకబిలో’ అంటారు. పాత ఆచారంలో రాజు పోతే శరీరాన్ని ఆరబెట్టి ఒక పంటకాలం దాకా ఉంచి, ఆ తర్వాతే మ్వాలులే తోపుకు ఊరేగింపుగా తీసుకెళ్లేవారు. తోపు కాపరి షిమ్వాలులే మాట అక్కడ రాజు మాట కంటే మించినది. పందొమ్మిదో శతాబ్దంలో చితపాంక్వా అనే రాజు న్గోనీ జాతివాళ్లను తరిమి, రాజ్యాన్ని నలువైపులా పెంచిన సంగతి ఆయన గర్వంగా చెప్పారు. ఏనుగు దంతాలతో పాటు మనుషుల్నీ తీరం వర్తకులకు అమ్మారు కదా అని అడిగాను. దాచలేదు. ‘‘అమ్మాం. పక్క ఊళ్ల తల్లులు మా పేరు చెప్పి పిల్లల్ని భయపెట్టేవారు’’ అన్నారు. ఇప్పుడు న్గోనీలు, బెంబాలు వరసైనవాళ్లు. చావింట్లో కూడా ఒకరినొకరు ఆటపట్టించుకోవచ్చు. ‘ఎలుకలు తినేవాళ్లు’ అని వీళ్లు, ‘కోతులు తినేవాళ్లు’ అని వాళ్లు. యుద్ధం చేసిన రెండు జాతులు అలా ఒప్పందానికి వచ్చాయి.

ఇలాంటి పెద్దలను కలిసేటప్పుడు ఆడవాళ్లు నడుముకు చితెంగె గుడ్డ చుట్టుకోవాలి. కసామాలో 90 క్వాచాలకు కొన్నది పనికొచ్చింది. ఎలా కట్టాలో ఊరి పిల్లలు సరిచేశారు.

చిలుబులా, చిషింబా

చిలుబులా చర్చి కట్టించిన బిషప్ జోసెఫ్ దుపోంను జనం ‘మోతో మోతో’ అనేవారు. తన పొగాకు పైపుకు నిప్పు, నిప్పు అని అడుగుతూ ఉండడం వల్ల వచ్చిన పేరని చెబుతారు. 1898లో మ్వాంబా అనే పెద్ద దొర చావుబతుకుల్లో ఉండి ఆయన్ను పిలిపించాడు. దొరలు పోయినప్పుడు జరిగే చంపుళ్లకు భయపడి జనం ఫాదరీ గుడారం చుట్టూ చేరారు. రాజ్యం తనకే అప్పగించాడని దుపోం అన్నారు, కంపెనీ అధికారులు ఒప్పుకోలేదు. ఆ తర్వాత ఏడాదిలోపే బెంబా రాజ్యం పెద్ద యుద్ధమేదీ లేకుండా తెల్లవాళ్ల చేతికి పోయింది.

చిషింబా జలపాతాలు మూడు. మెట్లెక్కి దిగి చూడాలి. నీటి దేవతకు మొక్కుకునేవాళ్లు వస్తూనే ఉంటారు. రాయి కింద తెల్లగుడ్డ ముక్కలు కనబడ్డాయి.

మ్బాలా

మ్బాలాలో మోతో మోతో మ్యూజియం ఉంది. ఫాదర్ జాన్ జాక్ కోర్బే ఊరూరా తిరిగి సేకరించిన వస్తువులతో మొదలైంది. అక్కడ ‘మ్బుసా’ అనే మట్టిబొమ్మల ముందు ఆగిపోయాను.

ఆడపిల్ల పెద్దమనిషి అయ్యాక జరిపే ‘చిసుంగు’లో వాడే బొమ్మలవి. 1931లో రిచర్డ్స్ చూసిన చిసుంగు మూడు వారాలకు పైగా సాగింది. ‘నచింబుసా’ అనే గురువమ్మ ఒక్కో బొమ్మ చూపి ఒక్కో పాట నేర్పుతుంది. మొసలి, పాము, ఇల్లు, కుండ, పార. తెలుపు, నలుపు, ఎరుపు చుక్కలు. పాట పైకి ఒకటి, లోపల మరొకటి. పొలం పని, సంసారం, భర్తతో నడవడి, నోటిని అదుపులో పెట్టుకోవడం అన్నీ అందులోనే. ఇప్పుడు పట్నాల్లో పెళ్లికి ముందు కొన్ని రాత్రులకు కుదించి నేర్పుతున్నారు. భర్తకు అణిగి ఉండమనేదే ఎక్కువ నేర్పుతున్నారని అక్కడి చదువుకున్న అమ్మాయిలు కొందరు అంటారు. వాళ్ల మాటలో న్యాయం ఉంది. అయినా ఒక గది నిండా మగవాడు అడుగుపెట్టని పాఠశాల, ఆడవాళ్లు రాసుకున్న పాఠాలు, వాళ్లే ఉపాధ్యాయులు, వాళ్లే పరీక్షకులు. బడిపంతులమ్మగా నాకు అది చిన్న సంగతిగా కనబడలేదు.

అక్కడ ఒకామె స్వయంగా నచింబుసా. ముందు నాతో మాట్లాడలేదు. పెద్దాయన దూరంగా వెళ్లాక, మెడ సన్నటి కుండ బొమ్మ చూపించి పాట పాడి, అర్థం చెప్పింది: ఇంట్లో మాట కుండలోనే ఉండాలి. పక్కనున్న మొసలి గురించి అడిగితే పెళ్లయిందా అంది. అయిందన్నాను. పిల్లలున్నారా అంది. ఉన్నారన్నాను. అప్పుడు చెవిలో చెప్పింది. అది ఇక్కడ రాయను.

కసామా బస్టాండు

పెద్దాయన తల్లి దగ్గర ఉండిపోయారు. నేను బస్సులో కిట్వే వెళ్లాలి. బస్సు నాలుగున్నరకు అన్నారు. ఆరు దాకా రాలేదు. బల్ల మీద ఆడవాళ్లు నలుగురు, మూటల్లో ఎండు గొంగళిపురుగులు, ‘ఇఫిన్కుబాలా’. ఉల్లి, టమాటాతో వేయించినవి గిన్నెలో ఉంటే అడిగి తిన్నాను. ఉప్పగా, కరకరమంటూ, కాస్త పొగవాసనతో బాగున్నాయి. తినడం చూశాక అందరూ దగ్గరికి జరిగారు.

ఏ గోత్రం అని అడిగారు. ఇంటిపేరు చెప్పాను. అది ఎవరి వైపు? తండ్రి వైపు. పెళ్లయ్యాక భర్తది. వాళ్లకు నచ్చలేదు. ‘‘తల్లిది చెప్పు.’’ అమ్మ పుట్టింటి పేరు చెప్పాను. అదీ ఆమె తండ్రిదే కదా అన్నారు. ‘‘తల్లి తల్లిది?’’ చెప్పాను. ‘‘ఆమె తల్లిది?’’ ఫోను తీసి అమ్మకు చేశాను. మదనపల్లెలో అప్పటికి రాత్రి తొమ్మిది దాటింది. ఇంత దూరం నుంచి ఇది అడగడానికా చేశావు అంటూనే అమ్మ తడుముకోకుండా జవాబిచ్చింది: ‘‘మా అమ్మమ్మ పుట్టింటివాళ్లు పులి వాళ్లు కదమ్మా.’’

పులి అంటే ఏమిటో చేతులతో చారలు గీసి చెప్పబోతే వాళ్లకు తెలిసిన మృగం చిరుతే. ‘‘బేనా న్గో!’’ అని నలుగురూ ఒక్కసారి అరిచారు, చిరుత గోత్రం. బెంబా గోత్రాలకు జంటలుంటాయి: మొసలికి చేప, పుట్టగొడుగుకు వాన, చిరుతకు మేక. జంట గోత్రాలవాళ్లు ఒకరినొకరు ఎంత వేళాకోళం చేసినా తప్పు లేదు, అడిగింది ఇవ్వక తప్పదు, చావుకు వెళ్లి పని చేయక తప్పదు. మూలన కూర్చున్న లావుపాటి ఆవిడ లేచి నా ముందుకొచ్చి నడుం మీద చేతులు పెట్టుకుంది. మేక గోత్రం ఆవిడది. ‘‘మీవాళ్లు మావాళ్లను ఎంతమందిని తిన్నారు! ఈ రోజు దొరికావు. ఫాంటా ఇప్పించు’’ అంది. అందరికీ ఇప్పించాను. సీసా 12 క్వాచాలు. ఆవిడ రెండు తాగింది.